మద్దెల కూడా ఓడు కావచ్చు

"ఆడలేక మద్దెల ఓడన్నట్లు" అని మన పెద్దలు ఒక సామెత చెప్పారు. చేతకానివాడు తన లోపాన్ని సాధనం మీదికి నెట్టి తప్పుకొంటాడని దాని భావం. ఈ సామెతను తరగతి గదిలో నేను ఎన్ని పర్యాయాలు ప్రయోగించానో లెక్కలేదు. పుస్తకం దొరకలేదన్న వానిమీద ప్రయోగించాను. కరెంటు లేక చదవలేదన్న వానిమీద ప్రయోగించాను. బస్సు ఆలస్యమైందన్న వానిమీద మరీ తరచుగా ప్రయోగించాను. తరగతి యావత్తూ నవ్వేది. ఎవనిని ఉద్దేశించి అన్నానో వాడు మాత్రం తల వంచుకొనేవాడు. ఒకవేళ మద్దెల నిజంగానే ఓడైతే ఆడేవాని గతి ఏమిటి అన్న ప్రశ్న నాకు చాలాకాలం తోచనే లేదు.

ఆ ప్రశ్నను నాకు నేర్పినవారు కవులు కారు, పండితులు కారు. కర్మాగారాలలో పని ఎట్లా జరగాలో చెప్పటానికి జీవితాన్ని వెచ్చించిన ఒక అమెరికా దేశపు గణాంక శాస్త్రజ్ఞుడు. ఆయన పేరు డబ్ల్యూ. ఎడ్వర్డ్స్ డెమింగ్.

తెలుగు పంతులుకు ఈ వ్యాపార గ్రంథకర్తతో పరిచయం ఎట్లా కలిగిందని విద్యార్థులు ఆశ్చర్యపడవచ్చు. రెండేండ్ల క్రితం వాణిజ్యశాఖలోని నా మిత్రులొకరు కొన్ని ఇంగ్లీషు కాగితాలు తెచ్చి నా బల్లమీద పెట్టి, "భాయ్, మన పిల్లలకు ఈ సంగతులు తెలుగులో చెప్పాలి. భాష మీది, భావం మావాళ్లది. మీరే వ్రాసిపెట్టాలి" అన్నారు. శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయంలో ఎం.ఏ. తెలుగు చదివిన నాకు గణాంక శాస్త్రమంటే సి.ఆర్. రావు గారి పేరు తప్ప మరేమీ తెలియదు. మొగమాటానికి ఒప్పుకొన్నాను. నాలుగు పుటలు అనువదించేసరికి అది పరుల కోసం చేస్తున్న పనిగా తోచలేదు.

డెమింగ్ గారు 1900వ సంవత్సరం అక్టోబరు 14వ తేదీన అయోవా రాష్ట్రంలోని సూ సిటీలో జన్మించారు. బాల్యం వయోమింగ్ రాష్ట్రపు బీడు భూముల నడుమ గడిచింది. తారుకాగితం కప్పిన ఇంటిలో, చాలీచాలని రాబడితో పెరిగిన కుటుంబమది. అయినా ఆయన చదువు ఆగలేదు. 1921లో వయోమింగ్ విశ్వవిద్యాలయం నుండి విద్యుత్ ఇంజనీరింగులో పట్టం, అటుపిమ్మట కొలరాడోలో ఎం.ఎస్., 1928లో యేల్ విశ్వవిద్యాలయం నుండి డాక్టరేటు పొందారు.

యేల్‌లో చేరిన కాలంలోనే, 1925, 1926 సంవత్సరాల వేసవి సెలవులలో, ఆయన షికాగో సమీపంలోని హాథార్న్ కర్మాగారంలో పనిచేశారు. వెస్టర్న్ ఎలక్ట్రిక్ కంపెనీ వారి ఆ కర్మాగారంలో టెలిఫోను పరికరాలు తయారయ్యేవి. వేలాది కార్మికులు అక్కడ పనిచేసేవారు. చేసిన వస్తువును బట్టి కూలి. వస్తువును పరీక్షించేవారు వేరు, తప్పు పట్టేవారు వేరు. సరిగా లేని వస్తువును ఏరి పక్కకు నెట్టటం తప్ప, అది అట్లా ఎందుకు తయారైందని అడిగే తీరిక సామాన్యంగా ఎవరికీ ఉండేది కాదు.

ఆ ప్రశ్నను శాస్త్రీయంగా అడిగినవాడు వాల్టర్ షూహార్ట్ అనే మరొక శాస్త్రజ్ఞుడు. ఆయన 1924లో ఒకే ఒక కాగితం మీద గీసి చూపిన పటం పారిశ్రామిక చరిత్రలో ప్రసిద్ధికెక్కింది. ఆ పటంలోని భావాన్ని నేను నా మాటల్లో చెపుతాను. నేను ప్రతిదినం ఇంటినుండి కళాశాలకు నడిచి వస్తాను. ఒకనాడు పద్దెనిమిది నిమిషాలు, ఒకనాడు ఇరవై, ఒకనాడు ఇరవై రెండు పట్టుతుంది. ఈ తేడాలకు ప్రత్యేక కారణం వెదకటం వృథా. ఆ దారి స్వభావమే అంత. కాని ఒకనాడు నలభై నిమిషాలు పట్టిందంటే ఏదో జరిగి ఉండాలి; దానిని విచారించవలసిందే. మొదటి రకపు తేడా పద్ధతిలో ఉన్నది, రెండవ రకపు తేడా సంఘటనలో ఉన్నది. ఈ రెండింటినీ వేరుచేసి చూడలేనివాడు, పద్దెనిమిది నిమిషాల నాడు తనను తాను మెచ్చుకొంటాడు, ఇరవై రెండు నిమిషాల నాడు తన కాళ్లను తిట్టుకొంటాడు. రెండూ అజ్ఞానమే.

డెమింగ్ గారు షూహార్ట్‌ను గురువుగా భావించారు. 1938లో వాషింగ్టన్‌లో ఆయనచేత ఉపన్యాసాలు ఇప్పించి, మరుసటి సంవత్సరం వాటిని గ్రంథరూపంలో వెలువరింపజేశారు. తాను జనాభా లెక్కల శాఖలో చేరి, 1940 నాటి అమెరికా జనగణనలో నమూనా పద్ధతిని ప్రవేశపెట్టడంలో ముఖ్యపాత్ర వహించారు. రెండవ ప్రపంచ యుద్ధ కాలంలో ఆ దేశపు ఇంజనీర్లకు వేలసంఖ్యలో ఈ విద్య నేర్పబడింది. యుద్ధం ముగిసిన పిమ్మట మాత్రం అందరూ దానిని మరచిపోయారు. ఐరోపా కర్మాగారాలు, జపాను కర్మాగారాలు నేలమట్టమై ఉన్న ఆ రోజులలో అమెరికా వారు ఏది తయారుచేసినా అమ్ముడుపోయేది. అమ్ముడుపోతున్న కాలంలో గుణాన్ని గురించి హితవు చెప్పే పంతుళ్లను ఎవరు పిలుస్తారు?

పిలిచినవారు ఓడిపోయినవారు. 1947లో జనాభా లెక్కల పనిమీద జపానుకు వెళ్లిన డెమింగ్ గారిని, 1950లో అక్కడి శాస్త్రజ్ఞుల, ఇంజనీర్ల సంఘం ఉపన్యాసాలకై ఆహ్వానించింది. ఆ వేసవిలో ఆయన ఇంజనీర్లకు ఎనిమిది దినాల పాఠక్రమాన్ని బోధించారు. అయితే అమెరికాలో జరిగింది ఆయన మరవలేదు. క్రిందివారు ఎంత నేర్చుకొన్నా పైవారు నేర్చుకోకపోతే విద్య నిలవదని ఆయనకు అనుభవమైంది. అందుచేత సంస్థల అధిపతులతోనే మాట్లాడాలని పట్టుబట్టారు. 1950 జూలైలో టోక్యోలో వారితో సమావేశం జరిగింది. ముడిసరుకు ఇచ్చేవాడు మొదలుకొని వస్తువు వాడేవాని వరకు అందరూ ఒకే గొలుసులోని కడియాలని ఆయన బల్లమీద బొమ్మ గీసి చూపారు. అయిదేండ్లలో ప్రపంచపు బజారులు మీ వస్తువులకై తలుపులు తెరుస్తాయని చెప్పారు. బూడిద నడుమ కూర్చున్న మనుషులకు ఆ మాట ఎట్లా వినిపించి ఉంటుందో ఊహించవచ్చు.

ఆ ఉపన్యాసాల ముద్రణపై రావలసిన రాబడిని ఆయన తీసుకొనలేదు. ఆ ద్రవ్యంతోనే 1951లో ఆయన పేర ఒక బహుమతి నెలకొల్పబడింది. నాణ్యతా రంగంలో ఆ బహుమతికి ఈనాటికీ ఎనలేని గౌరవమున్నది. మన దేశంలో చెన్నైకి చెందిన సుందరం-క్లేటన్ సంస్థ బ్రేకుల విభాగం 1998లో దానిని అందుకొన్నది. జపాను చక్రవర్తి పేర 1960లో ఆయనకు పతకప్రదానం జరిగింది. ఇక్కడ ఒక మాట చెప్పకపోతే సత్యానికి లోపం కలుగుతుంది. జపాను ఉన్నతికి డెమింగ్ ఒక్కడే కారణమనటం అతిశయోక్తి. 1954లో జురాన్ అనే మరొక అమెరికన్ అక్కడ బోధించాడు. కవోరు ఇషికావా వంటి జపాను ఇంజనీర్లు తమ సొంత బుద్ధితో ఎంతో సాధించారు. గురువు విత్తనం వేయగలడు. పంట పండించవలసింది ఆ నేలవారే.

చిత్రమేమంటే, పరదేశంలో ఇంత గౌరవం పొందిన ఈ వ్యక్తి స్వదేశంలో ముప్పై ఏండ్లపాటు దాదాపు అజ్ఞాతంగా ఉండిపోయారు. న్యూయార్క్ విశ్వవిద్యాలయంలో 1946 నుండి పాఠాలు చెపుతూ, వాషింగ్టన్‌లోని తమ ఇంటి నేలమాళిగలో చిన్న కార్యాలయం పెట్టుకొని, ఒక కార్యదర్శి సహాయంతో ఉత్తర ప్రత్యుత్తరాలు జరుపుతూ కాలం గడిపారు. 1980 జూన్ 24వ తేదీన ఎన్.బి.సి. టెలివిజన్‌లో, జపాను చేయగలిగింది మనమెందుకు చేయలేమన్న ప్రశ్నతో ఒక కార్యక్రమం ప్రసారమైంది. అందులో ఈ వృద్ధుని చూసి అమెరికా ఉలిక్కిపడింది. అప్పటికి ఆయనకు డెబ్బది తొమ్మిదేండ్లు. మనవారు ఆ వయస్సులో జపమాల పట్టుకొని కూర్చొంటారు. ఆయన కీర్తి అప్పుడు మొదలైంది. కోట్లాది డాలర్ల నష్టాలలో మునిగి ఉన్న ఫోర్డ్ మోటారు కంపెనీ మరుసటి సంవత్సరమే ఆయనను పిలిపించింది. కార్లను గురించి మాట్లాడుతారని ఎదురుచూసిన అధికారులతో ఆయన వారి నిర్వహణ పద్ధతిని గురించి మాట్లాడారు. 1986లో ఆ సంస్థ లాభాలు దాని చిరకాల ప్రత్యర్థి జనరల్ మోటార్స్ లాభాలను మించాయి. 1982లో వెలువడి, 1986లో "అవుట్ ఆఫ్ ది క్రైసిస్" అనే పేరుతో ప్రసిద్ధమైన గ్రంథంలో ఆయన తమ పదునాలుగు సూత్రాలను వివరించారు. నాలుగు దినాల సదస్సులు ఊరూరా జరిపారు. 1993 డిసెంబరు 20న, తొంభై మూడేండ్ల వయస్సులో కన్నుమూయటానికి కొద్దిరోజుల ముందు వరకు ఆయన వేదికమీదనే ఉన్నారు.

ఆ సదస్సులలో ఆయన ఆడించిన ఒక ఆట ఉన్నది. దానిని వ్రాస్తున్నప్పుడే నా కలం ఆగిపోయింది.

ఒక పెట్టెలో నాలుగు వేల పూసలు ఉంటాయి. మూడు వేల రెండు వందలు తెల్లవి, ఎనిమిది వందలు ఎర్రవి. యాభై గుంటలున్న ఒక పలకను పూసలలో ముంచి తీయాలి, అదే పని. తెల్లపూస మంచి సరుకు, ఎర్రపూస చెడ్డ సరుకు. సభలోనుండి ఆరుగురిని కార్మికులుగా పిలుస్తారు. పరీక్షకులు ఉంటారు, లెక్క వ్రాసేవారు ఉంటారు. డెమింగ్ గారు మేస్త్రీ వేషం వేస్తారు. ఎర్రపూసలు వద్దని గర్జిస్తారు. ఒకనికి అయిదు ఎర్రపూసలు వస్తే అందరి ముందూ మెచ్చుకొంటారు. మరొకనికి పదిహేను వస్తే సిగ్గులేదా అని మందలిస్తారు. నిన్న అయిదు తెచ్చినవాడు నేడు పన్నెండు తెస్తే, పొగడ్త తలకెక్కిందని దెప్పుతారు. శ్రద్ధగా పనిచేయండి అని గోడమీద నినాదాలు వ్రేలాడదీస్తారు. మూడవ దినం ముగిసేసరికి వెనుకబడిన ముగ్గురిని పనిలోనుండి తీసివేస్తారు. సభ యావత్తూ నవ్వుతుంది. పెట్టెలో అయిదవ వంతు ఎర్రపూసలే ఉన్నప్పుడు, యాభైకి సగటున పది ఎర్రపూసలు రాక తప్పదని చిన్న పిల్లవానికైనా తెలుసు. కార్మికుడు ఏడ్చినా, నవ్వినా, ప్రాణం పెట్టినా ఆ సంఖ్య మారదు. మార్చగలవాడు ఒక్కడే: పెట్టెలో పూసలు పోసినవాడు.

ఈ పుటను అనువదిస్తుండగా నా కళ్లముందు మా అబ్బాజాన్ మెదిలారు.

మా అబ్బాజాన్ ప్రొద్దుటూరులో ఒక బట్టల అంగట్లో దర్జీ. బట్టల వ్యాపారానికి పేరుపొందిన ఊరది. కుట్టిన బట్టకు ఇంతని కూలి. నాకు పదేండ్ల వయస్సులో ఒక రంజాన్ నెల వచ్చింది. ఆ నెలలో దర్జీల ఇండ్లకు రాత్రి అనేది ఉండదు. ఇఫ్తారు ముగించుకొని మిషను ముందు కూర్చొంటే సహరీ వేళకు లేచేవారు. ఆ యేడు యజమాని తెల్లని నూలుబట్ట తానులు చౌకగా కొని తెచ్చాడు. కత్తిరించే ముందు బట్టను నీళ్లలో తడిపి ఆరవేయాలి. లేకుంటే మొదటి ఉతుకుకే కుంచించుకొనిపోతుంది. పండుగ తొందరలో ఆ పని జరగలేదు. తానులు తెచ్చినవాడు యజమాని, కత్తిరించినవాడు మాస్టరు. నలుగురు దర్జీలు కుట్టారు. పండుగ ముగిశాక కుర్తాలు పొట్టివై తిరిగివచ్చాయి. నష్టాన్ని దర్జీల కూలిలో కోశారు. అందరికన్నా వేగంగా, అందరికన్నా ఎక్కువ కుర్తాలు కుట్టినవారు మా అబ్బాజాన్. అందుచేత అందరికన్నా ఎక్కువ కోత ఆయనకే పడింది.

అమ్మీ ఆ రాత్రి ఎంతో వాదించింది. బట్ట మీరు కొన్నారా, మీరు కత్తిరించారా అని అడిగింది. అబ్బాజాన్ మిషనుకు నూనె వేస్తూ తలయెత్తకుండా, "కుట్టింది నా చెయ్యే కదా" అన్నారు. యజమానికి భయపడి ఆ మాట అన్నారని అనుకొన్నాను. చాలా ఏండ్లకు గాని తెలియలేదు, ఆయన ఆ మాటను నిజంగా నమ్మారు. కోతకన్నా పెద్ద నష్టం అదే. ఎర్రపూస చేతిలోకి వచ్చిన మనిషి, కొంతకాలానికి అది తన చేతిలోనే పుట్టిందని నమ్ముతాడు.

ఇంతవరకు వ్రాసి ఆపివేసి ఉంటే నేను మంచివాడినిగా మిగిలేవాణ్ణి. కాని యజమానిని తప్పుపట్టిన ఈ చేయి కూడా అదే పని చేసింది. ఆ సంగతి చెప్పటానికే ఈ వ్యాసం.

ఆ సంవత్సరం నా తరగతిలో యాభై ఎనిమిది మంది విద్యార్థులు. ఛందస్సు, అలంకారాలు ప్రధానంగా పెట్టిన మధ్యంతర పరీక్షలో పదిహేడుగురు తప్పారు. నేను మార్కుల వరుసలో పేర్లు వ్రాసి, తప్పినవారి పేర్లకు క్రింద ఎర్రసిరాతో గీతగీసి, ప్రకటనల పలకకు అంటించాను. అంతటితో ఆగక, యాభైకి తొమ్మిది మార్కులు వచ్చిన చివరి విద్యార్థిని తరగతిలో నిలబెట్టాను. ఎందుకు చదవలేదని అడిగాను. "బస్సు సార్..." అని ఏదో చెప్పబోయాడు. నేను సామెత చెప్పాను. తరగతి నవ్వింది. ఆ మరునాటినుండి అతడు రాలేదు. రాకపోతే అతనికే నష్టమని హాజరుపట్టీలో గైరుహాజరు వేస్తూపోయాను.

పూసల ఆటను అనువదించిన రాత్రి నేను ఆ మార్కుల పట్టీని మళ్లీ బయటికి తీశాను. ప్రతి పేరు ఎదుట ఆ విద్యార్థి ఏ ఊరినుండి వస్తాడో వ్రాశాను. ఏటి అవతలి గ్రామాలనుండి ఒకే పల్లెవెలుగు బస్సులో వచ్చేవారు తరగతిలో పద్నాలుగు మంది. వారిలో పదకొండు మంది తప్పారు. తక్కిన నలభై నలుగురిలో తప్పినవారు ఆరుగురే. ఆ బస్సు మన ఊరికి చేరేది తొమ్మిది గంటల యాభై నిమిషాలకు. మన మొదటి గంట కొట్టేది తొమ్మిదిన్నరకు. వారంలో నాలుగు దినాలు మొదటి పీరియడు నాది. గణాలు, యతిస్థానాలు, గురులఘువులు, అన్నీ ఆ పీరియడులోనే చెప్పాను. పద్నాలుగు మంది విద్యార్థులు ప్రతిదినం పద్యపాదం సగమైన తరువాత లోపలికి వచ్చారు. వచ్చిన ప్రతిదినం నాచేత మాట పడ్డారు. పెట్టెలో ఎర్రపూసలు పోసినవాణ్ణి నేనే. పలక పట్టుకొన్నవాణ్ణి నిలబెట్టి అవమానించినవాణ్ణీ నేనే.

నేను చేసిన మరమ్మతు చిన్నది. చరిత్ర శాఖలోని మిత్రులను ఒప్పించి నా పీరియడును మధ్యాహ్నానికి మార్చుకొన్నాను. తమ పాఠంలో మొదటి ఇరవై నిమిషాలను పునశ్చరణకు కేటాయించటానికి ఆయన సహృదయంతో అంగీకరించారు. తరువాతి పరీక్షలో ఆ బస్సు విద్యార్థులు పదముగ్గురిలో తప్పినవారు నలుగురు. ఒక్క పరీక్షతో సిద్ధాంతం నిలవదని డెమింగ్ గారే హెచ్చరిస్తారు; నేను విజయం ప్రకటించబోను. ఆ నలుగురి కష్టాలు ఏమిటో వేరుగా విచారించవలసి ఉన్నది. కాని ఆ పదముగ్గురికీ బుద్ధి ఒక్కసారిగా పెరగలేదని మాత్రం నాకు తెలుసు. మద్దెలకు తోలు బిగించాను, అంతే.

పదునాలుగవ విద్యార్థి కోసం ఒక ఆదివారంనాడు ఏరు దాటి వెళ్లాను. అతడు బండల పాలిషు మిషను దగ్గర పనిలో ఉన్నాడు. కనుబొమలు రాతిదుమ్ముతో తెల్లబడి ఉన్నాయి. నన్ను చూసి కంగారుగా మిషను ఆపాడు. వాళ్ల అమ్మ మంచం వాల్చి, "కూర్చో సామీ" అన్నది. నేను వచ్చిన కారణం చెప్పకముందే అతడు, "తప్పు నాదే లెండి సార్. నాకు చదువు ఎక్కదు" అన్నాడు. ఇరవై ఏండ్లనాడు మిషనుకు నూనె వేస్తూ మా అబ్బాజాన్ అన్న మాటే అది. మాటలు మాత్రం వేరు.

నేను బస్సు లెక్క చెప్పాను. పీరియడు మార్చిన సంగతి చెప్పాను. తప్పు నీది కాదు, నాది అని చెప్పాను. అతడు చాలాసేపు నేలమీది దుమ్ములో బొటనవేలితో గీతలు గీశాడు. చివరకు, "ఆ మాట ఆపొద్దు అందరి ముందర చెప్పింటే బాగుండు సార్" అన్నాడు. ఆ మాటకు నా వద్ద జవాబు లేదు. అతడు ఆ సంవత్సరం కళాశాలకు తిరిగి రాలేదు.

డెమింగ్ గారు తమ విద్యార్థుల పత్రాలను చదివేవారు. కాని వారిని వరుసలో నిలపటానికి కాదు. తాను గురువుగా ఎట్లా పనిచేస్తున్నాడో తెలుసుకోవటానికి, ఎవరికి ఏ సహాయం కావాలో గ్రహించటానికి చదివేవారు. భయాన్ని పారద్రోలాలన్నది ఆయన పదునాలుగు సూత్రాలలో ఒకటి. భయపడినవాడు నిజం చెప్పడు. నిజం తెలియని యజమాని పద్ధతిని బాగుచేయలేడు. "బస్సు సార్" అన్న రెండు మాటలలో నాకు కావలసిన నిజమంతా ఉన్నది. దానిని సామెతతో నోరు మూయించినవాణ్ణి నేను.

ఇట్లా అయితే సోమరులు లేరా, ప్రతివాడూ పద్ధతిమీద నెపం వేసి తప్పించుకోడా అని మా అధ్యాపకుల గదిలో వాదం జరిగింది. సోమరులు ఉంటారు. తన అనుభవంలో లోపాలలో నూటికి తొంభై నాలుగు పాళ్లు పద్ధతికి చెందినవని, ఆరు పాళ్లు మాత్రమే ప్రత్యేక కారణాలవని డెమింగ్ గారు వ్రాశారు. ఆ లెక్క మన కళాశాలకు అక్షరాలా వర్తిస్తుందని నేను అనను. కాని మనం ఆ ఆరుపాళ్ల కోసం బెత్తం పట్టుకొని, తక్కిన తొంభై నాలుగు పాళ్ల వైపు చూడనే చూడము. ఇది మాత్రం నిశ్చయం. పైగా విశ్వవిద్యాలయపు పరీక్షలు, మార్కులు మన చేతిలో లేవు. వాటిని రద్దు చేయమని నేను కోరటం లేదు. మన చేతిలో ఉన్నవి వేరే ఉన్నాయి.

కళాశాల కమిటీ పెద్దలకు వినయపూర్వకంగా రెండు మనవులు. మొదటిది, వచ్చే విద్యాసంవత్సరం టైంటేబులు తయారుచేసే ముందు మన విద్యార్థులు ఏ బస్సులో ఎన్ని గంటలకు వస్తారో ఒక పట్టీ వ్రాయించండి. బస్సు వేళ మార్చమని డిపో వారికి ఒక అర్జీ పంపండి. మార్చకపోతే మన గంటనైనా మార్చవచ్చు. గంట కొట్టేది మనమే కదా. రెండవది, సంవత్సరాంతంలో ఉత్తీర్ణతా శాతాన్ని బట్టి అధ్యాపకులను వరుసలో పెట్టే ముందు, ఎవరి పీరియడు ఏ వేళ పడింది, ఎవరి తరగతి గదిలో ఫ్యాను లేదు, ఎవరికి పాఠ్యపుస్తకాలు ఎన్ని నెలలు ఆలస్యంగా వచ్చాయి అన్న వివరాలు కూడా ఆ కాగితం మీదనే వ్రాయించండి. మమ్మల్ని పొగడవద్దు, తిట్టవద్దు. ముందు పెట్టెలో ఏమున్నదో చూడండి.

విద్యార్థులకు ఒక మాట. మీరు రేపు ఉద్యోగాలలో చేరుతారు, అంగళ్లు పెడతారు, నలుగురిపై అజమాయిషీ చేస్తారు. అప్పుడు మీ క్రింద పనిచేసేవాడు ఒక కారణం చెప్పబోతే, వాక్యం పూర్తయ్యే వరకు వినండి. అది సాకు కావచ్చు. సాకు కాదేమో అని ఒక్క పూట విచారించటానికి అయ్యే ఖర్చు చాలా తక్కువ. విచారించకపోతే అయ్యే ఖర్చు ఎంతో నేను చెప్పాను.

ఇక చివరి మాట, ఏటి అవతలి ఆ విద్యార్థికి. ఈ సంచిక అచ్చయిన తరువాత ఒక ప్రతిని నేనే తీసుకొని వస్తాను. నిన్ను నిలబెట్టింది యాభై ఎనిమిది మంది ముందర. ఈ సంచికను అంతకన్నా ఎక్కువమంది చదువుతారు. వారందరి ముందర వ్రాస్తున్నాను: ఆనాడు తప్పు నీది కాదు, నాది. మద్దెల ఓడైంది నాయనా. నీ పేరు పట్టీలో ఇంకా ఉన్నది. సప్లిమెంటరీ పరీక్షకు ఫీజు కట్టటానికి గడువు కూడా ఉన్నది. నా పీరియడు మధ్యాహ్నం రెండు గంటలకు.